ఓటమితో ఆగని ప్రజాసేవ: దుర్గాబాయి దేశ్‌ముఖ్
రాజ్యాంగ నిర్మాణ సభలో తెలుగు మహిళ వాణి

కంభం: గ్రామ పంచాయతీ మొదలుకొని జిల్లా పరిషత్తు వరకు సగం పదవులు మహిళలకు దక్కుతున్న కాలమిది. కంభం, గిద్దలూరు, మార్కాపురం ప్రాంతాల్లో మహిళా సర్పంచులు, ఎంపీపీలు కొత్త కాదు. అయితే మహిళ బహిరంగ సభలో మాట్లాడటమే వింతగా తోచిన రోజుల్లో రాజకీయాల్లోకి అడుగుపెట్టి, స్వతంత్ర భారత రాజ్యాంగ రచనలో పాలుపంచుకున్న తెలుగు మహిళ దుర్గాబాయి దేశ్‌ముఖ్. మంత్రి పదవి చేపట్టలేదు. తొలి సాధారణ ఎన్నికల్లో ఓటమి చవిచూశారు. అయినప్పటికీ తనకు ఎదురైన ప్రతి ఆటంకాన్నీ ఇతర మహిళలకు మార్గంగా మలచిన ఘనత ఆమెది.

బాల్యంలోనే సేవాపథం

దుర్గాబాయి 1909 జూలై 15న రాజమండ్రిలో జన్మించారు. నాటి ఆచారం ప్రకారం ఎనిమిదేళ్ల ప్రాయంలోనే వివాహం జరిగింది. వయస్సు వచ్చిన తరువాత ఆ బంధం నుంచి ఆమె వైదొలిగారు. సంఘం వేలెత్తి చూపినా కుటుంబం అండగా నిలిచింది. హిందీ నేర్చుకుని, బాలికలకు, గృహిణులకు బోధించేందుకు చిన్న పాఠశాలను ప్రారంభించారు. అప్పటికి ఆమె ఇంకా బాలికే.

1921లో గాంధీజీ కాకినాడ వచ్చినప్పుడు దేవదాసీలు, ఘోషా పాటించే ముస్లిం మహిళలు ఆయనను కలుసుకోవాలని దుర్గాబాయి సంకల్పించారు. ఐదు వేల రూపాయల నిధి సమర్పిస్తేనే సమయం కేటాయిస్తామని నిర్వాహకులు షరతు విధించారు. దేవదాసీల సాయంతో ఆ మొత్తాన్ని సమకూర్చి ఆమె మాట నిలబెట్టుకున్నారు. గాంధీజీ ప్రసంగాన్ని తెలుగులోకి అనువదించి ఆయన ప్రశంస పొందారు.

1923లో కాకినాడ కాంగ్రెస్ మహాసభల సందర్భంగా ఏర్పాటైన ఖద్దరు ప్రదర్శనలో ఆమె స్వచ్ఛంద సేవకురాలిగా పనిచేశారు. టికెట్ లేనివారిని లోనికి అనుమతించరాదన్నది ఆమెకు అప్పగించిన బాధ్యత. జవహర్‌లాల్ నెహ్రూ టికెట్ లేకుండా రాగా ఆయననూ నిలిపివేశారు. నిర్వాహకులు టికెట్ కొని ఇచ్చిన తరువాతే లోనికి పంపారు. ఆ బాలిక కర్తవ్యనిష్ఠను నెహ్రూ మెచ్చుకున్నారు.

ఉప్పు సత్యాగ్రహం.. కారాగారం

1930 నాటి ఉప్పు సత్యాగ్రహం మన ప్రాంతానికి సుపరిచితమైన చరిత్ర. ప్రకాశం జిల్లాకు పేరైన టంగుటూరి ప్రకాశం పంతులు స్మృతులతో ముడిపడిన దేవరంపాడు శిబిరం ఆ ఉద్యమానికి గుర్తుగా నిలిచింది. అదే ప్రకాశం పంతులు, కాశీనాథుని నాగేశ్వరరావు పంతులు వంటి నాయకులు మద్రాసులో నడిపిన సత్యాగ్రహంలో దుర్గాబాయి ముందు వరుసలో నిలిచి అరెస్టయ్యారు. 1930 నుంచి 1933 మధ్య మూడు పర్యాయాలు జైలుకు వెళ్లారు. మధురై జైలులో ఏకాంత నిర్బంధం ఆమె ఆరోగ్యాన్ని దెబ్బతీసింది.

అయితే ఆమె జీవితాన్ని మలుపు తిప్పింది కూడా జైలే. తాము చేసిన నేరమేమిటో, చట్టం తమకు ఏ రక్షణ కల్పిస్తుందో తెలియని మహిళా ఖైదీలను ఆమె అక్కడ చూశారు. చదువు లేకపోవడం వల్లే వారు శిక్షలు అనుభవిస్తున్నారని గ్రహించి, న్యాయశాస్త్రం అభ్యసించాలని నిశ్చయించుకున్నారు.

హాస్టల్ లేదంటే తానే నెలకొల్పి

విడుదలైన తరువాత బెనారస్ హిందూ విశ్వవిద్యాలయం నుంచి మెట్రిక్యులేషన్ పూర్తి చేశారు. బీఏ చదివేందుకు ఆంధ్ర విశ్వవిద్యాలయానికి వెళ్లగా, మహిళలకు వసతి గృహం లేదన్న సమాధానం ఎదురైంది. దుర్గాబాయి పత్రికలో ప్రకటన ఇచ్చి, చదువుకోవాలన్న ఆసక్తి ఉన్న యువతులను కూడగట్టి, తామే ఒక వసతి గృహం ఏర్పాటు చేసుకున్నారు. దీంతో వైస్ ఛాన్సలర్ కట్టమంచి రామలింగారెడ్డి ప్రవేశం కల్పించారు. అనంతరం మద్రాసులో న్యాయశాస్త్రం పూర్తిచేసి 1942లో న్యాయవాద వృత్తి చేపట్టారు.

ఈలోగా 1937లో మద్రాసులో ఆంధ్ర మహిళా సభ రూపుదిద్దుకుంది. చదువు మధ్యలో ఆగిపోయినవారు, వితంతువులు, భర్త వదిలివేసినవారు పరీక్షలకు సిద్ధమై, వృత్తివిద్య నేర్చుకుని స్వశక్తిపై నిలబడేలా ఈ సంస్థ తోడ్పడింది. తరువాత హైదరాబాద్‌కు కూడా విస్తరించి విద్యాలయాలు, వైద్యశాలలు నెలకొల్పింది.

రాజ్యాంగ సభలో

1946లో మద్రాసు రాష్ట్రం నుంచి దుర్గాబాయి రాజ్యాంగ నిర్మాణ సభకు ఎన్నికయ్యారు. ఆ సభలోని 15 మంది మహిళల్లో ఆమె ఒకరు. సభాపతి స్థానంలో కూర్చునే అధ్యక్షుల ప్యానెల్‌లో ఉన్న ఏకైక మహిళ ఆమే. ఆమె 750 వరకు సవరణలు ప్రతిపాదించినట్లు చెబుతారు. రాజ్యసభ సభ్యత్వానికి కనీస వయస్సును 35 ఏళ్లుగా ముసాయిదాలో పేర్కొనగా, దానిని 30కి తగ్గించాలన్న సవరణ ఆమెదే. నేటికీ అమలులో ఉన్నది ఆ నిబంధనే. న్యాయవ్యవస్థ స్వతంత్రత, మహిళల ఆస్తి హక్కు అంశాలపైనా ఆమె గట్టిగా వాదించారు.

ఓటమి తరువాత మరింత విస్తృతంగా

1952 సాధారణ ఎన్నికల్లో ఓటమి ఎదురైంది. అయితే నెహ్రూ ఆమెను ప్రణాళికా సంఘంలోకి తీసుకుని సాంఘిక సంక్షేమ బాధ్యతలు అప్పగించారు. 1953 జనవరి 22న నాటి కేంద్ర ఆర్థికమంత్రి చింతామణి ద్వారకానాథ్ దేశ్‌ముఖ్‌తో ఆమె వివాహం జరిగింది. అదే ఏడాది ఆగస్టులో కేంద్ర సాంఘిక సంక్షేమ మండలి ఏర్పడగా, తొలి అధ్యక్షురాలిగా నియమితులయ్యారు. స్వచ్ఛంద సంస్థలకు సాయం చేసేందుకు తొలి పంచవర్ష ప్రణాళికలో నాలుగు కోట్ల రూపాయలు కేటాయించారు.

1958లో మండలి ప్రారంభించిన సంక్షిప్త విద్యా కోర్సులు ఆమె దూరదృష్టికి నిదర్శనం. బడి మానేసిన వయోజన మహిళలకు తక్కువ వ్యవధిలో పాఠాలు చెప్పి పరీక్షలకు సిద్ధం చేయడం వీటి లక్ష్యం. గ్రామాలకు ఉపాధ్యాయినులు, నర్సులు, గ్రామసేవికలు కావాలంటే ముందు చదువుకున్న మహిళలు ఉండాలన్నది ఆమె తర్కం. వానపై ఆధారపడిన మెట్ట ప్రాంతాలకు ఈ తర్కం ఎంత అవసరమో పశ్చిమ ప్రకాశం వాసులకు వేరుగా చెప్పనక్కరలేదు. కరవు వస్తే ఇంట్లో ముందుగా ఆగేది ఆడపిల్ల చదువే.

బాలికల విద్యపై 1958లో ఏర్పాటైన జాతీయ సంఘానికీ ఆమె అధ్యక్షత వహించారు. 1953లో చైనా పర్యటించి వచ్చిన తరువాత, కుటుంబ తగాదాలకు ప్రత్యేక న్యాయస్థానాలు ఉండాలని ప్రతిపాదించారు. ఆమె మరణించిన మూడేళ్లకు, 1984లో కుటుంబ న్యాయస్థానాల చట్టం వచ్చింది.

1975లో పద్మవిభూషణ్ పురస్కారం ఆమెను వరించింది. 1981 మే 9న తుదిశ్వాస విడిచారు.

నేటి ప్రజాప్రతినిధులకు పాఠం

రిజర్వేషన్ పుణ్యమా అని నేడు మహిళకు కుర్చీ దక్కుతోంది. ఆ కుర్చీలో కూర్చున్నవారు తమ మాట తామే చెప్పగలగాలంటే చదువు, చట్టంపై అవగాహన, వెన్నుదన్నుగా ఒక సంస్థ అవసరం. దుర్గాబాయి తన జీవితకాలమంతా సమకూర్చింది ఈ మూడింటినే. పదవి ఐదేళ్లకు ముగుస్తుంది. ఆమె పోటీ చేసిన ఎన్నిక ఫలితం నేడు ఎవరికీ గుర్తు లేదు. ఆమె నెలకొల్పిన ఆంధ్ర మహిళా సభను మాత్రం తెలుగువారు మరువలేదు.