ఇసుకలో వేలు, నోట్లో పాట

పాట పాడుతూ పిల్లలచేత అంకెలు దిద్దించడం కాన్వెంటు టీచరమ్మలు కనిపెట్టిన కిటుకనుకుంటున్నారా? కాదండీ! మన లెక్కకీ పద్యానికీ ఉన్నది బీరకాయపీచు చుట్టరికం కాదు, రక్తసంబంధమే. పావులూరి మల్లన మహావీరాచార్యుడి సంస్కృత గణితాన్ని తెలుగు పద్యాల్లోకి తెచ్చి ఎనిమిది వందల ఏళ్ళ పైమాటే.

వీధిబడి సంగతి చూడండి. 1816లో తెలుగు వ్యాకరణం అచ్చువేయించిన కాంబెల్ దొర, తర్వాత బళ్ళారి కలెక్టరై, 1823లో ఆ చదువు గురించి సర్కారుకి నివేదిక రాశాడు. పిల్లవాడు ముందు నేలమీద ఇసుకలో వేలితో దిద్దాలి. చెయ్యి తిరిగాకే ఆకూ, గంటమూ. ఎక్కాలకైతే రోజుకి రెండుసార్లు అందరూ వరసగా నిలబడాలి. పెద్ద పిల్లవాడు చెబుతుంటే తక్కినవాళ్ళు గొంతు కలపాలి. పైసా ఖర్చు లేని ఈ పద్ధతిని ఇంగ్లండు అనుకరించడం సబబేనన్నాడు దొర. నిజమే, 1789లో మద్రాసు ఎగ్మూరు అనాథశాలకొచ్చిన ఆండ్రూ బెల్ ఇక్కడి ఇసుకరాత చూసి, 1797లో లండన్‌లో పుస్తకమే వేశాడు. అయితే అర్థం తెలియకుండా వల్లెవేస్తున్నారని కూడా కాంబెల్ దొర చురక వేశాడు. అదీ నిజమే!

అంటే అంకె ఆకారం వేలిది, పేరు నోటిది. నోటి సొత్తు మనకి దక్కింది. మా డెల్టాలో ధాన్యం కొలిచేవాళ్ళు మొదటి కుంచాన్ని ‘ఒకటి’ అనకుండా ‘లాభం’ అని రాగం తీసేవారు. ఆ రాగం తెలిసినవాళ్ళు ఇంకా ఉన్నారు. వేలి సొత్తే పోయింది. తణుకులో మా నాయనమ్మ పాలలెక్క గోడమీద బొగ్గుతో తెలుగు అంకెల్లోనే రాసేది. మా అమ్మాయి ౪ చూసి, “ఇదే అక్షరమమ్మా?” అంటుంది!

పలకమీదికి 1, 2, 3 వచ్చాయి. 1950లో రాజ్యాంగం కేంద్ర వ్యవహారాలకి వాటినే ఖాయం చేసింది. లోకంతో లెక్క కుదరాలి కదా, తప్పుపట్టను. కానీ మన అంకెల్ని ఇంచుమించు పోలిన తమ అంకెల్ని కన్నడిగులు బస్సులమీద ఇప్పటికీ రాసుకుంటున్నారే! పైగా మన ౨, ౩ చూడండి, ఆ 2, 3లకి తోబుట్టువుల్లా లేవూ?

అందుకే అమ్మల్లారా, ఈసారి చంటివాడిచేత బియ్యంలో ఓనమాలు దిద్దించేటప్పుడు, పక్కనే ఒక ౧ కూడా దిద్దించండి. వేలు ఎటు తిరిగితే నోరూ అటే తిరగాలి సుమా! పాటంటారా, దానికేం భాగ్యం? పిల్లాణ్ణి ఒళ్ళో కూర్చోబెట్టుకున్న తల్లికి పాట రాకపోవడమా!