కృష్ణకు అవతల మెన్నోనైట్లు

నరసరావుపేటలో పనిచేసిన క్రైస్తవ మిషన్లలో అమెరికన్ బాప్టిస్టు మిషన్ ఒకటి. కృష్ణ దాటి నల్గొండకు వెళితే కథలో రష్యా తగులుతుంది.

అబ్రహాం ఫ్రీసెన్, మరియా దంపతులు 1889లో ఇండియాకు బయల్దేరారు. అప్పటి రష్యా సామ్రాజ్యంలోని మెన్నోనైట్ బ్రదరెన్ అనే క్రైస్తవ వర్గం వాళ్లు. పెద్దయ్యాకే బాప్తిస్మం, చేత ఆయుధం పట్టకపోవడం ఆ వర్గం పట్టింపులు. అయినా నల్గొండలో బాప్టిస్టుల గొడుగు కిందే పనిచేశారు. నీళ్లలో ముంచి ఇచ్చే బాప్తిస్మం రెండు వర్గాలనూ కలిపింది.

1899లో అమెరికా మెన్నోనైట్ బ్రదరెన్ సొంతంగా వచ్చారు. నాగర్‌కర్నూలు, మహబూబ్‌నగర్, శంషాబాద్ వాళ్ల కేంద్రాలయ్యాయి.

శంషాబాద్‌లో 1932లో పుట్టిన మిషనరీల కొడుకు పాల్ హీబర్ట్ మానవశాస్త్రవేత్త అయ్యాడు. ఒక తెలుగు పల్లెపై ఆయన రాసిన ‘కొండూరు’ 1971లో వెలువడింది.