పాకశాస్త్ర గ్రంథములు - ఇంటి కొలతలు

రాజుల దండయాత్రలకు శాసనములు సాక్ష్యము పలుకును. దేవాలయ మాన్యములకు తామ్రపత్రములు గలవు. కాని ఒక దేశపు జనులు దినదినమును ఏమి భుజించిరి, దానిని ఏ పాళ్ళలో వండిరి అని విచారింపబోయినచో సాక్ష్యము దొరకుట కష్టము. వండినవారు వ్రాయలేదు, వ్రాసినవారిలో గరిటె పట్టినవారు అరుదు. పాకగ్రంథముల చరిత్రమున ఈ లోపము మొదటినుండియు కనబడుచున్నది.

మొదట వ్రాసినవారు రాజులును రాజాశ్రయము గలవారును. కల్యాణి చాళుక్యుడైన మూడవ సోమేశ్వరుడు క్రీ. శ. 1129 ప్రాంతమున సంస్కృతమున కూర్చిన మానసోల్లాసములో అన్నభోగమను ప్రకరణము గలదు. నేటి ఇడ్లి, దోసె, వడలకు పూర్వరూపములనదగిన వంటకములు అందున్నవి. మాంసపాకములకును కొదువ లేదు. పొలపుటెలుకను కాల్చు విధానము సైతము ఆ మహారాజు విడిచిపెట్టలేదు. అంతకు శతాబ్దము ముందే చావుండరాయుడు కన్నడమున రచించిన లోకోపకారములో వంటకు ఒక భాగము దక్కినది. 1508లో మంగరసు కన్నడముననే సూపశాస్త్రమను గ్రంథమును షట్పదులలో రచించెను. అది ఆద్యంతము శాకపాకమునకే అంకితమైనది.

అంత ప్రసిద్ధి గాంచిన ప్రాచీన పాకగ్రంథము తెలుగున లేదు. తెలుగువారి వంట కావ్యములలో దాగినది. కాకతీయుల ఓరుగల్లును వర్ణించు క్రీడాభిరామమున పూటకూటింటి భోజనమును, దాని వెలయు చెప్పబడినవి. సన్నబియ్యపుటన్నము, గోధుమపిండివంట, అప్పుడు కాచిన నేయి, పెసరపప్పు, అరటిపండ్లు, నంజుళ్ళు, గడ్డపెరుగు - ఇన్నియు కలిపి ఒక రూక. అందు చక్కెరకు చెప్పిన కొలత గుప్పెడు. ఆముక్తమాల్యదలో శ్రీకృష్ణదేవరాయలు విష్ణుచిత్తుని ఇంటి అతిథి భోజనమును ఋతువుల ననుసరించి చెప్పెను: వానకాలమున వరుగులు, వడియములు, వేసవిని గోరువెచ్చని అన్నము, ఎడనీళ్ళు, చెరకురసము, ఊరుగాయలు, చలికాలమున మిరియపుపొడి తగిలిన కూరలు, ముక్కున కెక్కు ఆవపచ్చళ్ళు. చక్రవర్తి వ్రాసినను అది గృహస్థుని వంటయే. ఇట్టి ఆధారములను కావ్యములనుండి ఏరి కూర్చి సురవరం ప్రతాపరెడ్డిగారు 1949లో ఆంధ్రుల సాంఘిక చరిత్రను ప్రకటించిరి. 1955లో దానికి కేంద్ర సాహిత్య అకాడమీ బహుమతి లభించినది.

రాయలవారి చలికాలపు వంటలో మిరపకాయ లేదు. పోర్చుగీసువారు 1498లో ఈ దేశమున అడుగిడిన పిమ్మటనే అది మనకు చేరినది. మిరియమునుండియే దానికి మిరపయను పేరు వచ్చినది. ఆవకాయ పేరులో నేటికిని ఆవయే యున్నది కాని కారము లేదు. కనుక అనాదిగా వచ్చుచున్నదని మనము చెప్పుకొను వంటలలో పెక్కింటికి అయిదువందల యేండ్ల ప్రాయమైనను లేదు.

ఇక కొలతల మాట. కావ్యము పేరు చెప్పును, రుచి చెప్పును, పాళ్ళు చెప్పదు. పాళ్ళు ఇల్లాలి చేతిలో నుండెను. చిటికెడు, పిడికెడు, చారెడు, దోసెడు - ఇవన్నియు చేతి కొలతలే. ఎసటినీటికి వ్రేలికణుపు గుర్తు. ధాన్యమునకు, పిండికి గిద్దె మొదలు కుంచము వరకు పాత్రలుండెను. నాలుగు గిద్దెలు సోల, రెండు సోలలు తవ్వ, రెండు తవ్వలు మానిక. బరువునకు వీశ, వీశకు నలుబది పలములు, పలమునకు మూడు తులములు. ఇది చాదస్తపు లెక్కగా తోచవచ్చును గాని ఊరుగాయ పాడగుటయు, నిలుచుటయు ఇందుననే యున్నది. ఆవకాయకు ఆవపిండి, కారము, ఉప్పు సమపాళ్ళని పెక్కు ఇండ్ల వాడుక. ఒకే సోలతో మూడింటిని కొలిచినంతవరకు ఆ సోల చిన్నదైనను పెద్దదైనను చిక్కు లేదు. కాని దంచని కల్లుప్పు సోలెడు తూగునంతకంటె మెత్తని ఉప్పు సోలెడు ఎక్కువ తూగును. ఏ ఉప్పో చెప్పక సోలెడు అని మాత్రమే వ్రాసిన పుస్తకమును నమ్మి నేటి పొట్లముప్పు కొలిచి పోసిన కోడలు ఉప్పుకషాయము దించుకొనును. ఆ నింద పుస్తకమునకు రాదు, ఆమెకే వచ్చును.

ఇరువదవ శతాబ్దమున వండినవారే వ్రాయ నారంభించిరి. తెలుగువారికిని తమిళులకును ఉమ్మడి రాజధానియై యున్న మద్రాసులో 1951లో ఎస్. మీనాక్షి అమ్మాళ్ తమిళమున సమైత్తు పార్ అను గ్రంథమును వెలువరించెను. ‘వండి చూడుము’ అని ఆ పేరునకు అర్థము. ఆమె ప్రసిద్ధురాలగు విదుషి కాదు. అడిగినవారికెల్ల ఉత్తరములలో వంటలు వ్రాసి వ్రాసి విసిగిన ఇల్లాలు. పుస్తకముగా వేయుమని పినతండ్రి వరుస పెద్ద ప్రోత్సహింపగా పూనుకొనెను. పెండ్లికూతురికి సారెతోపాటు ఆ పుస్తకము నిచ్చుట అక్కడ ఆచారమాయెను. తెలుగున మాలతీ చందూర్ వంటలు - పిండివంటలు అను పుస్తకము ఇంటింట ప్రవేశించినది. ఆంధ్రప్రభ వారపత్రికలో ప్రమదావనము నడపిన ఆ రచయిత్రి నవలలకంటె ఈ పుస్తకముననే కొన్ని ఇండ్లకు పరిచితురాలు.

ఇంతలో కొలతలు మారినవి. 1956లో శాసనము కాగా 1958 అక్టోబరునుండి దశాంశమానము క్రమముగా అమలులోనికి వచ్చినది. పలము సుమారు 35 గ్రాములని, వీశ సుమారు 1400 గ్రాములని తెలియనివారికి అంతకు పూర్వపు పుస్తకములోని పాళ్ళు తాళముచెవి పోయిన పెట్టెవంటివి. క్రొత్త ముద్రణలలో కప్పులు, చెంచాలు వచ్చినవి. సౌకర్యమే, కాని కప్పు మాత్రము అన్ని ఇండ్ల ఒక్కటియా?

మరియొక లోపము ఇంతకంటె పెద్దది. సంప్రదాయపు ఇంటివంట అని ఈ పుస్తకములు చెప్పునప్పుడు ఆ ఇల్లు తరచుగా వరియన్నము తిను, నేయి గల ఇల్లు. పలనాటి జొన్నకూటిని తలచి శ్రీనాథుడు ఎగతాళి పద్యములు చెప్పెనని ప్రతీతి. ఆ జొన్నకూడు తిని బ్రతికినవారు బదులు పద్యము చెప్పలేదు. 1852లో ధవళేశ్వరము, 1855లో బెజవాడ ఆనకట్టలు పూర్తియైన పిదప డెల్టాలలో వరి విస్తరించి మెట్టధాన్యములు పేదవాని తిండిగా చులకనయైనవి. ఐక్యరాజ్యసమితి 2023ను చిరుధాన్యముల సంవత్సరముగా ప్రకటించునప్పటికి, పట్టణములవారు జొన్నరొట్టె చేయుటను క్రొత్తగా నేర్చుకొనవలసి వచ్చినది. మరుగునీటితో పిండి కలిపి, వేడి ఆరకమునుపే పిసికి, చేతితో తట్టి, పెనముపై వేసిన తరువాత పైన తడి రాయవలెనని చెప్పు అచ్చుపుస్తకములు పూర్వము అరుదు.

కొన్ని ఇండ్లలో సంతపద్దుల వెనుకపుటలలోను, పాత పంచాంగముల అంచులలోను స్త్రీలు వ్రాసికొనిన పాళ్ళు ఇంకను నిలిచియున్నవి. అక్షరదోషము లుండవచ్చును, కొలతలో మాత్రము దోషముండదు, ఏలయనగా మరునాడు దానితోనే వండవలెను. అట్టి చేవ్రాతలు గ్రామ గ్రంథాలయపు బీరువాలో ప్రబంధముల ప్రక్కన నుండదగినవి. వాని నకళ్ళు తీయునప్పుడు సోల యెంతదో, ఉప్పు ఏదో అడిగి ప్రక్కన వ్రాయవలెను. సంకటికి మాత్రము ఆ పుటలలోను చోటు తక్కువ. ఎసటిలో నూకలెన్ని, అవి ఎంత మెత్తబడిన పిదప రాగిపిండి పోయవలెను, మూతపెట్టి ఎంతసేపు మగ్గనీయవలెను, తెడ్డుతో ఎటు త్రిప్పిన ఉండకట్టదు - ఇది నేటికిని పొయ్యికడ నిలిచి చూచి నేర్చుకొనవలసిన విద్యయే.