ఊపిరి అడిగే తాళం: సస్పెండైన లైసెన్సు తిరిగివచ్చే దారి

దిల్‌సుఖ్‌నగర్ నుండి కొత్తపేట మీదుగా ఎల్బీనగర్ కూడలి వరకు రాత్రి పది దాటాక ప్రయాణించేవారికి బారికేడ్లు, మెరిసే జాకెట్లు, నోటి ముందుకు వచ్చే చిన్న ప్లాస్టిక్ గొట్టం కొత్త కాదు. ఊదిన తరువాత తెరమీద 30 దాటిన అంకె కనబడితే బండి పోలీసు స్టేషనుకు, మనిషి ఆటోలో ఇంటికి. ఆపైన కుటుంబ సభ్యుల సమక్షంలో కౌన్సెలింగ్, ఎల్బీనగర్‌లోని రంగారెడ్డి జిల్లా కోర్టు, జరిమానా, లైసెన్సు సస్పెన్షన్. ఇంతవరకు సరూర్‌నగర్ వాసులకు తెలిసిన కథే. దీని తరువాతి అధ్యాయాన్ని గురించి మాత్రం ఎవరూ అడగరు. సస్పెన్షన్ గడువు తీరిన రోజున ఆ లైసెన్సును మనం ఏ ఆధారంతో తిరిగి ఇస్తున్నాము? ఆ మూడు నెలల్లోనో ఆరు నెలల్లోనో ఆ మనిషిలో ఏమి మారిందని నమ్ముతున్నాము?

ఈ ప్రశ్నకు కొన్ని దేశాలు ఒక యంత్రంతో సమాధానం చెప్పుకున్నాయి. దాని పేరు ఇగ్నిషన్ ఇంటర్‌లాక్. కారు స్టార్టరుకు అనుసంధానించిన శ్వాస పరీక్షా పరికరం అది. డ్రైవరు దానిలోకి ఊదాలి. మద్యం జాడ నిర్ణీత పరిమితికి లోబడి ఉంటేనే ఇంజన్ లేస్తుంది. మన దేశపు చట్టంలో దీనికి ఇంకా చోటు లేదు. అయినా దీని చరిత్ర మనం తెలుసుకోదగినది. ఈ యంత్రం సాధించినదీ, సాధించలేకపోయినదీ రెండూ వైద్యుడిగా నాకు ముఖ్యమైన విషయాలే.

మొదట తాగి బండి నడపడం నేరమైన కాలానికి వెళదాం. 1897 సెప్టెంబరు 10న లండన్‌లో జార్జ్ స్మిత్ అనే టాక్సీ డ్రైవరు తన విద్యుత్ బండిని ఒక భవనానికి గుద్దాడు. అతనికి 25 షిల్లింగుల జరిమానా పడింది. మోటారు వాహనం విషయంలో ఇటువంటి శిక్ష పడిన తొలి వ్యక్తిగా అతనిని చెబుతారు. ఆనాడు అతను తాగాడని తేల్చింది ఏ యంత్రమూ కాదు, చూసినవారి కళ్ళు. ఆ తరువాత చాలాకాలం కన్నూ, ముక్కే సాక్ష్యం. 1922లో స్వీడన్‌కు చెందిన ఎరిక్ విడ్‌మార్క్ కొన్ని చుక్కల రక్తంతో మద్యం పరిమాణాన్ని కొలిచే పద్ధతిని రూపొందించాడు. తాగినది ఎంత, ఒంట్లో మిగిలినది ఎంత, అది ఏ వేగంతో తగ్గుతుంది అనే లెక్కలకు నేటికీ ఆయన పేరే ఆధారం. 1936లో నార్వే రక్తంలో మద్యానికి ఒక అంకెను చట్టబద్ధమైన హద్దుగా నిర్ణయించింది.

రక్తం తీయాలంటే వైద్యుడు కావాలి, సూది కావాలి. రోడ్డు మీద అది కుదరదు. ఊపిరితిత్తులలో రక్తమూ గాలీ ఒకదానికొకటి అతి సమీపంలో ఉంటాయి గనుక, రక్తంలోని మద్యం కొంత శ్వాసలోకి వస్తుంది. ఈ సూత్రం ఆధారంగా అమెరికాలోని ఇండియానా విశ్వవిద్యాలయంలో రొల్లా హార్గర్ ‘డ్రంకోమీటర్’ను తయారుచేశాడు. బెలూనులోకి ఊదిన గాలిని రసాయనం గుండా పంపి, రంగు మారడాన్ని చూసేవారు. 1954లో అదే ఇండియానాలో రాబర్ట్ బోర్కెన్‌స్టైన్ తెచ్చిన ‘బ్రెత్‌లైజర్’ ఈ పనిని పోలీసు చేతికి అందేంత సులువు చేసింది. మనం నేడు వాడే బ్రెత్ ఎనలైజర్ అనే మాటకు మూలం అక్కడే ఉంది.

మన దగ్గర పరిస్థితి వేరు. 1939 నాటి మోటారు వాహనాల చట్టంలో తాగి నడపడం నేరమే. కాని వాహనంపై అదుపు తప్పేంతగా తాగాడని నిరూపించవలసి వచ్చేది. ఆ భారం చాలావరకు ప్రభుత్వాసుపత్రి క్యాజువాలిటీ డాక్టరు మీద పడేది. నా తరం వైద్యులకు ఆ కాగితం బాగా గుర్తుండే ఉంటుంది. నోటిలో వాసన ఉన్నదా, మాట తడబడుతున్నదా, కంటిపాపలు విప్పారినవా, సరళరేఖ మీద నడవగలడా అని గడులు నింపేవాళ్ళం. నిజానికి తలకు దెబ్బ తగిలినవాడూ, చక్కెర పడిపోయిన మధుమేహ రోగీ కూడా అలాగే తూలుతారు, అలాగే మాట తడబడతారు. ఈ విషయం సుప్రీం కోర్టు దృష్టికి కూడా వెళ్ళింది. 1971లో మహారాష్ట్ర నుండి వచ్చిన ఒక అప్పీలులో, వాసన, తూలే నడక, పొంతన లేని మాట, విప్పారిన పాపలు ఉన్నంతమాత్రాన ఆ వ్యక్తి మద్యం సేవించాడని నిర్ధారించలేమని కోర్టు తీర్పు చెప్పింది. అది సరైన తీర్పని నా అభిప్రాయం. కొలత లేని చోట వైద్యుని సంతకం సైతం ఊహ మాత్రమే.

కొలత వచ్చేసరికి ఆలస్యమైంది. 1988 చట్టం 185వ సెక్షను మొదట రక్తంలో మద్యం ఎంత స్వల్పంగా ఉన్నా నేరమేనన్నది. 1994 సవరణతో 100 మిల్లీలీటర్ల రక్తంలో 30 మిల్లీగ్రాముల హద్దు వచ్చింది. అయితే చట్టంలో ఉన్న అంకె రోడ్డు మీదికి రావడానికి మరికొన్నేళ్ళు పట్టింది. హైదరాబాదులో వారాంతపు తనిఖీలు ఒక క్రమంలో జరగడం, కౌన్సెలింగ్ అనేది మొదలవడం గత దశాబ్దిన్నర ముచ్చట. 2016లో రాచకొండ కమిషనరేట్ ఏర్పడినప్పుడు ఎల్బీనగర్ ప్రాంతం దాని కిందికి వచ్చింది. అదే ఏడాది జూలై 1న పంజాగుట్టలో, తాగిన యువకుల కారు డివైడరు దాటి ఒక కుటుంబం ప్రయాణిస్తున్న కారు మీద పడింది. బడి నుండి ఇంటికి వస్తున్న చిన్నారితో సహా ఆ ఇంట మూడు ప్రాణాలు పోయాయి. ఆ వార్త చదివిన హైదరాబాదు వాసులెవరూ దాన్ని మరచిపోలేదు.

మన ప్రాంతం మద్యాన్ని అరికట్టడానికి వేరే దారులు కూడా తొక్కింది. నెల్లూరు జిల్లా దూబగుంట మహిళల పోరాటం, 1993లో సారా నిషేధం, 1995 జనవరి 16 నుండి సంపూర్ణ మద్యనిషేధం, 1997లో దాని ఎత్తివేత పెద్దలకు జ్ఞాపకమే. 2016 డిసెంబరులో సుప్రీం కోర్టు రహదారులకు 500 మీటర్లలోపు మద్యం దుకాణాలు ఉండరాదన్నది. 2017 జూలైలో ఆ ఆదేశం పురపాలక పరిధులకు వర్తించదని వివరణ ఇచ్చింది. విజయవాడ జాతీయ రహదారి నడిబొడ్డున ఉన్న మన ఎల్బీనగర్‌కు దాని అర్థమేమిటో వేరే చెప్పనక్కరలేదు. ఇవన్నీ సీసాను దూరం పెట్టే ప్రయత్నాలు. లైసెన్సు సస్పెన్షన్ మనిషిని రోడ్డుకు దూరం పెట్టే ప్రయత్నం. కాగితం మీద అది గట్టి శిక్షే. సుప్రీం కోర్టు రహదారి భద్రతా కమిటీ 2015లో, తాగి నడిపినవారి లైసెన్సును కనీసం మూడు నెలలు సస్పెండ్ చేయాలని రాష్ట్రాలకు సూచించింది. 2019 సవరణ జరిమానాను తొలిసారికి 10,000 రూపాయల వరకు, మళ్ళీ దొరికితే 15,000 రూపాయల వరకు పెంచింది. జైలు శిక్ష సరేసరి. లైసెన్సు తిరిగి పొందాలంటే పునశ్చరణ శిక్షణ పూర్తిచేయాలనే నియమాన్ని కూడా ఆ సవరణే చేర్చింది.

చిక్కు ఏమిటంటే, లైసెన్సు జేబులో లేకపోయినా తాళంచెవి జేబులోనే ఉంటుంది. ఉద్యోగం హయత్‌నగర్ అవతల, పిల్లల బడి చైతన్యపురిలో, అమ్మకు మందులు మలక్‌పేటలో. సస్పెండైన మనిషి బండి తీయకుండా ఉంటాడా? ఇది మన ఒక్కరి బలహీనత కాదు. అమెరికాలోనూ సస్పెన్షన్‌లో ఉన్నవారిలో అత్యధికులు నడుపుతూనే ఉన్నారని పరిశోధకులు ఏనాడో గమనించారు. ఇంటర్‌లాక్ పుట్టింది ఆ నిరాశలోనుండే.

1969లో బోర్గ్ వార్నర్ సంస్థ తొలి నమూనాను తయారుచేసింది. అదే కాలంలో జనరల్ మోటార్స్ సంస్థ మరో దారి చూసింది. తెరమీద మెరిసే అంకెలను డ్రైవరు గుర్తుంచుకొని మీటలమీద నొక్కాలి. తప్పితే బండి కదలదు. వినడానికి బాగానే ఉంది కాని, తాగినా చురుకుగా ఉన్నవాడు గట్టెక్కుతాడు, తాగని ముసలాయన ఓడిపోతాడు. చివరకు ఊపిరే నమ్మదగినదని తేలింది. 1986లో కాలిఫోర్నియా కోర్టుల ద్వారా దీనిని ప్రయోగాత్మకంగా వాడటానికి చట్టం చేసింది. తొలి పరికరాల సెన్సర్లు సిగరెట్ పొగకు కూడా స్పందించేవి. బెలూనులో ముందుగా నింపి తెచ్చిన గాలితో, పక్కవాడి ఊపిరితో మోసగించేవారు. అందువల్ల ఊదే తీరును గుర్తించడం, ప్రయాణం మధ్యలో మళ్ళీ ఊదమనడం, కెమెరా, ప్రతి పరీక్షనూ నమోదుచేసే జ్ఞాపకశక్తి ఒక్కొక్కటిగా చేరాయి. 1992లో అమెరికా కేంద్ర రవాణా శాఖ నమూనా ప్రమాణాలు వెలువరించింది. 2005లో న్యూ మెక్సికో తొలిసారి పట్టుబడినవారికి కూడా దీనిని తప్పనిసరి చేసింది.

అమెరికాలో ఉన్న మన పిల్లలకు ఇది దూరపు సంగతి కాదు. తెలుగువారు అధికంగా ఉండే ఫ్రీమాంట్ నగరం కాలిఫోర్నియాలోని అలమీడా కౌంటీలోనిది. 2010 జూలైలో ఆ రాష్ట్రం ఇంటర్‌లాక్‌ను తప్పనిసరి చేసి చూసిన నాలుగు కౌంటీలలో అలమీడా ఒకటి. 2019 నుండి రాష్ట్రమంతటా, గడువు తీరేదాకా ఇంట కూర్చోనక్కరలేకుండా, యంత్రం అమర్చుకొని పరిమిత లైసెన్సుతో త్వరగా నడిపే వెసులుబాటు వచ్చింది. ఖర్చు సాధారణంగా డ్రైవరుదే. వీసా మీద ఉన్నవారికి మరొక ముప్పు ఉంది. 2015 నవంబరు నుండి అమెరికా విదేశాంగ శాఖ తాగి నడిపిన కేసులో అరెస్టయితే చాలు, శిక్ష పడకముందే వీసా రద్దు చేసే విధానం పాటిస్తున్నది. లైసెన్సును యంత్రం తిరిగి ఇప్పించగలదు; వీసాను ఇప్పించలేదు.

ఇక అసలు ప్రశ్న. ఇది పనిచేస్తుందా? 2004లో వెలువడిన కొక్రేన్ సమీక్ష అప్పటి అధ్యయనాలను పరిశీలించి, యంత్రం బండిలో ఉన్నంతకాలం మళ్ళీ పట్టుబడటం తగ్గుతుందనీ, తీసివేసిన తరువాత ఆ మేలు నిలవడం లేదనీ తేల్చింది. వైద్యుడికి ఇందులో ఆశ్చర్యం లేదు. విరిగిన ఎముకకు కట్టు వంటిది ఇది. లోపల ఎముక అతకకముందే కట్టు విప్పితే కాలు మళ్ళీ వంగుతుంది.

ఈ సంగతిని అందరికన్నా బాగా గ్రహించింది స్వీడన్ అని నా అభిప్రాయం. 1999లో మూడు కౌంటీలలో మొదలై, 2003లో దేశమంతటికీ విస్తరించిన వారి పథకంలో, సస్పెన్షన్‌కు బదులుగా రెండేళ్ళపాటు ఇంటర్‌లాక్‌తో నడపగలిగేవారు. అయితే క్రమం తప్పకుండా వైద్యుని వద్దకు రావలసి వచ్చేది. జీజీటీ, సీడీటీ వంటి రక్తపరీక్షలతో తాగుడు తగ్గుతున్నదో లేదో చూసేవారు. అంటే లైసెన్సు తిరిగిరావడానికి ఆధారం క్యాలెండరు కాదు, కాలేయమూ రక్తమూ చెప్పే సాక్ష్యం. కెనడా పరిశోధనలు మరొకటి చూపాయి. మొదటి కొన్ని నెలల్లో ఇంటర్‌లాక్ నమోదుచేసిన విఫల పరీక్షల సంఖ్యను బట్టి, యంత్రం తీశాక ఎవరు మళ్ళీ పట్టుబడతారో చాలావరకు ఊహించవచ్చు. తాళంగా పుట్టిన యంత్రం ఇలా రోగ నిర్ధారణ పరికరమైంది.

ఉదయపు పరీక్ష సంగతి ఇక్కడే చెప్పాలి. మన కాలేయం సగటున గంటకు 15 మిల్లీగ్రాముల చొప్పున రక్తంలోని మద్యాన్ని తగ్గిస్తుంది. అర్ధరాత్రి 120 ఉన్నవాడు 30కి దిగాలంటే ఉదయం ఆరు కావాలి. నిద్ర, నిమ్మరసం, నల్ల కాఫీ, చన్నీటి స్నానం ఈ లెక్కను మార్చవు. ఇంటర్‌లాక్ ఉన్నవాడు తెల్లవారి ఆఫీసుకు బయలుదేరేటప్పుడు యంత్రం నిరాకరించిందంటే, రాత్రి తాగినది కొంచెమేమీ కాదు. అలా పదే పదే జరుగుతున్నదంటే అతనికి కావలసినది జరిమానా కన్నా ముందు చికిత్స. మౌత్‌వాష్, హోమియో చుక్కలు వంటివాటి వల్ల నోటిలో మిగిలే మద్యం వేరు. అది పదిహేను నిమిషాలలో పోతుంది. అందుకే కొంత విరామం ఇచ్చి మళ్ళీ ఊదించాలి.

మన దగ్గర ఇంటర్‌లాక్ లేదన్నాను. దానికి దగ్గరి బంధువు మాత్రం ఉంది. ఆర్టీసీ డిపోలలో డ్యూటీకి ముందు డ్రైవరు శ్వాస పరీక్ష చేసుకుంటాడు. అందులో నెగ్గితేనే బస్సు చేతికి వస్తుంది. దిల్‌సుఖ్‌నగర్‌లో బస్సెక్కే ప్రయాణికుడు ఈ తాళం నీడలోనే ప్రయాణిస్తున్నాడు. స్కూలు బస్సులకు, ట్రావెల్స్ బస్సులకు, రెండోసారి పట్టుబడిన వారి కార్లకు అసలు యంత్రాన్నే అమర్చడం అసాధ్యమేమీ కాదు. ద్విచక్ర వాహనాల దగ్గరే పెద్ద చిక్కు. మన రోడ్లమీద ఎక్కువ అవే. 2025 అక్టోబరు 24 వేకువన కర్నూలు సమీపాన ప్రైవేటు బస్సు కాలిపోయిన దుర్ఘటనకు మూలం తాగి పడిపోయిన ఒకరి బైకే. వానకూ ఎండకూ గురయ్యే బైకు మీద, ప్రతి వీధిలో విప్పగల మెకానిక్ ఉన్న ఊరిలో, ఈ యంత్రం ఎంతకాలం నిలుస్తుందన్నది నాకు సందేహమే. వారి విషయంలో యంత్రం కన్నా స్వీడన్ పద్ధతిలోని రెండో సగం, అంటే వైద్య పరీక్షే అందుబాటులో ఉన్నది. జీజీటీ పరీక్ష దిల్‌సుఖ్‌నగర్‌లో ఏ ల్యాబ్‌లోనైనా చేస్తారు. పునశ్చరణ శిక్షణకు దానిని జోడించడానికి కొత్త యంత్రాలు దిగుమతి చేసుకోనక్కరలేదు.

మీ ఇంట్లో ఎవరి లైసెన్సయినా ప్రస్తుతం సస్పెన్షన్‌లో ఉంటే ఆ గడువును వృథాగా పోనివ్వకండి. ఎర్రగడ్డ మానసిక వైద్యశాలలో చికిత్స లభిస్తుంది. 14446 నంబరుకు ఉచితంగా ఫోన్ చేసి సలహా పొందవచ్చు. ఒక్క హెచ్చరిక. రోజూ ఎక్కువగా తాగే మనిషిని భయపెట్టి ఒక్కసారిగా మాన్పించకండి. ఒకటి నుండి మూడు రోజుల్లో చేతుల వణుకు, ఫిట్స్, లేనివి కనబడటం వంటివి రావచ్చు. ప్రాణాపాయం కూడా కలగవచ్చు. ఆ మొదటి వారం వైద్యుని పర్యవేక్షణలో గడవాలి.