చిరాన్ వనం: ఒక ప్రహరీగోడ చరిత్ర

జూబిలీహిల్స్ చెక్‌పోస్టు వద్ద వేకువన నిలబడితే, బండ్ల రొద ఇంకా ముదరకమునుపు, గోడ అవతలినుండి నెమలి కేక వినిపిస్తుంది. నేను మొదటిసారి విన్నప్పుడు అది ఏ స్టూడియోలోనో శబ్దగ్రహణం కాబోలనుకున్నాను! ఫిల్మ్‌నగర్ పక్కన ఉన్నవారికి ఇలాంటి అనుమానాలు సహజమే కదా.

ఆ గోడ లోపలిది కాసు బ్రహ్మానందరెడ్డి జాతీయ ఉద్యానం. వైశాల్యం ఒకటిన్నర చదరపు కిలోమీటర్ల లోపే. మన తీరపు కొండల్లో, విశాఖపట్నాన్ని ఆనుకుని ఉన్న కంబాలకొండ అభయారణ్యం సుమారు 70 చదరపు కిలోమీటర్లు. దానిలో ఇది యాభయ్యోవంతు. అదీ ఒకనాడు విజయనగరం మహారాజుల అధీనంలో ఉండి, 2002లో అభయారణ్యమైంది. రాజుల భోగభూములే మనకు అడవులుగా మిగిలాయన్నది రెండుచోట్లా కనిపించే విచిత్రం. వనస్థలిపురం హరిణవనం కూడా పూర్వం నిజాం వేటస్థలమే.

ఇక్కడి కథ చిరాన్ ప్యాలెస్‌తో మొదలవుతుంది. దానిని 1940లో కట్టారు. చుట్టూ నాలుగువందల ఎకరాల ఆవరణ, అందులో మోర్ బంగళా, గోల్ బంగళా, మోటారుఖానా, గుర్రపుశాలలు, ఏనుగులశాల, పెట్రోలు బంకులు, అనేక బావులు. 1967 ఫిబ్రవరిలో ఏడవ నిజాం మీర్ ఉస్మాన్ అలీఖాన్ కాలం చేశాక, మనుమడు ముకర్రం జా ఎనిమిదవ నిజాముగా పట్టాభిషిక్తుడయ్యాడు. ఆ సందర్భంలో తండ్రి ఆజం జా ఈ ఆవరణను కుమారునికి ఇచ్చాడు. కొత్త నిజాముకు దర్బారుకన్నా యంత్రాలంటేనే మక్కువ ఎక్కువ. 1970లలో ఆయన పశ్చిమ ఆస్ట్రేలియాలో గొర్రెల క్షేత్రం కొని అక్కడికి వెళ్ళిపోయాడు. 2023 జనవరిలో ఇస్తాంబుల్‌లో మరణించాక, మక్కా మసీదులో పూర్వీకుల చెంత ఖననం చేశారు.

యజమాని దూరమైన ఆ కాలంలోనే గోడ బయట లోకం మారింది. మద్రాసు నుండి చిత్రపరిశ్రమ తరలి రాసాగింది. అక్కినేని నాగేశ్వరరావు రాళ్ళగుట్టల నడుమ అన్నపూర్ణ స్టూడియోను 1976లో ప్రారంభించారు. అంతకు ముందే మొదలైన ఇళ్ళ సహకార సంఘం ప్లాట్లు క్రమంగా మేడలయ్యాయి. 250 కోట్ల ఏళ్ళనాటి గ్రానైటు బండలను పగలగొట్టి పునాదులు వేశారు. లోపల మాత్రం బండలు బండలుగానే ఉన్నాయి. సీతాఫలపు పొదలు, వేపలు, వెదురు వాటిని కమ్ముకున్నాయి. అలుగు, పునుగుపిల్లి, ముళ్ళపంది, అడవిపిల్లి అక్కడే తలదాచుకున్నాయి.

ఈ అడవి మిగలడానికి కారణం వన్యప్రాణులమీద ప్రేమ అని చెప్పుకోవడం మనకు ఇష్టం. నిజానికి కారణం 1976నాటి పట్టణ భూపరిమితి చట్టం. ఆ చట్టంక్రింద ఆ భూమి ప్రభుత్వపరమైంది. 1998లో జాతీయ ఉద్యానంగా ప్రకటించారు. పేదలకు ఇళ్ళస్థలాలు దొరకాలని తెచ్చిన చట్టం నెమళ్ళకు ఇల్లు మిగల్చడం నాకు ఎబ్బెట్టుగా తోచదు. ఆ చట్టం పంచినవాటిలో ఇంత నిక్కచ్చిగా నిలిచినవి ఎన్ని? పేరు మాత్రం వనాన్ని కాపాడిన చట్టంది కాదు, మాజీ ముఖ్యమంత్రిది. ఆయన 1964 నుండి 1971 వరకు పదవిలో ఉన్నారు.

తర్వాతి పోరాటం గోడ లోపల కాదు, గోడను ఆనుకున్న అడుగుల గురించి. 2016లో ఉద్యానం చుట్టూ ఫ్లైఓవర్ల పథకం రాగా చెట్లకోసం పౌరులు రోడ్డెక్కారు, వ్యవహారం హరిత ట్రిబ్యునల్ దాకా పోయింది. 2020లో కేంద్రం ఈ ఉద్యానానికి పర్యావరణ సున్నితమండలం నిర్ణయించింది: కొన్నిచోట్ల 3 మీటర్లు, అత్యధికంగా 29.8 మీటర్లు. మూడు మీటర్లంటే రెండు మంచాలు పొడుగ్గా వేసినంత కూడా లేదు. 2022 జూన్‌లో సుప్రీంకోర్టు రక్షిత అడవులకు కనీసం కిలోమీటరు ఉండాలన్నది. 2023 ఏప్రిల్‌లో ఆ ఆదేశాన్ని సడలించింది.

2024 డిసెంబరులో ఉద్యానం చుట్టూ ఆరు కూడళ్ళ వద్ద ఫ్లైఓవర్లు, అండర్‌పాసులకు మళ్ళీ శంకుస్థాపన జరిగింది. ఆ ఆరింటిలో ఫిల్మ్‌నగర్ కూడలి ఒకటి. చెట్లకోసం మళ్ళీ అవే గొంతులు, అవే అట్టముక్కల నినాదాలు. నడకకు వచ్చే వారిలో తెరమీద చూసిన ముఖాలు కొన్ని ఉంటాయి. అయినా నాకు గుర్తుండేది, గోడమీద వాలి తోక ఇటువైపు వేలాడేసిన నెమలి. ఆ తోక మాత్రం, చట్టప్రకారం, సున్నితమండలంలో ఉంది.