మిరాసీ పోయాక తిరుమల కొలువులు

మా తిరుపతిలో పాత కుటుంబాల పెద్దలు నలుగురు కూర్చుంటే వంశపారంపర్య కొలువు హక్కయిన మిరాసీ మాట రాక మానదు. కొండమీద స్వామికి జరిగే ముఖ్యమైన కైంకర్యాలన్నీ ఒకప్పుడు వంశాల చేతుల్లోనే ఉండేవి. అర్చన వైఖానసులది. పైడిపల్లి, గొల్లపల్లి, పెద్దింటి, తిరుపతమ్మ అని వాళ్లవి నాలుగు కుటుంబాలు. పోటులో, అంటే గుడి వంటశాలలో, ప్రసాదాలు చేయించే గమేకార్లు వేరు. సన్నిధి గొల్ల వంశం వేరు. తెల్లవారకముందే సన్నిధి గొల్ల దివిటీతో అర్చకుల ఇంటికి వెళ్లి వాళ్లను వెంటబెట్టుకుని వస్తాడు. అర్చకుడి చేతిలో గడియ తీసే కుంచెకోల, తాళంచెవులు ఉంటాయి. దారిలో క్షేత్రపాలక శిలకు వాటిని తాకించి ముందుకు నడుస్తారు. సుప్రభాతవేళ తలుపులు తెరిచాక తొలి దర్శనం ఆ గొల్లదే.

ఈ కొలువులకు జీతం బదులు ప్రసాదాల్లో వాటాలు ఉండేవి. 1843లో ఈస్టిండియా కంపెనీవారు గుడిని హథీరాంజీ మఠం మహంతులకు అప్పగించినప్పుడూ, 1933లో మహంతుల పాలన పోయి దేవస్థానం కమిటీ వచ్చినప్పుడూ మారింది పై పెత్తనమే. మిరాసీ మాత్రం తండ్రి నుంచి కొడుక్కి వస్తూనే ఉంది.

దాన్ని తెంచింది 1987 నాటి దేవాదాయ చట్టం. ఎన్టీ రామారావు ప్రభుత్వం జస్టిస్ చల్లా కొండయ్య అధ్యక్షతన వేసిన కమిషన్ సిఫార్సులు దానికి పునాది. 34వ సెక్షన్ వంశపారంపర్య హక్కుల్ని రద్దు చేసింది, 144వ సెక్షన్ హుండీల్లో, రుసుముల్లో వాటాల్ని ఎత్తేసింది. రాష్ట్రంలోని గుళ్లన్నిటికీ ఇదే వర్తించింది. తిరుమల అర్చక మిరాసీ కుటుంబానికి చెందిన ఎ.ఎస్. నారాయణ దీక్షితులు సుప్రీంకోర్టుకు వెళ్లారు. ఆగమం ప్రకారం అర్చకత్వం పుట్టుకతో వచ్చేదనీ, దాన్ని తాకడం మతంలో జోక్యమేననీ వాదన.

1996లో తీర్పు ప్రభుత్వానికి అనుకూలంగా వచ్చింది. అర్చకుణ్ణి నియమించడం లౌకిక వ్యవహారం, పూజ ఎలా జరగాలన్నది మతవిషయం అని కోర్టు గీత గీసింది. ఈ గీత కొత్తది కాదు. తమిళనాడు అర్చకులు వేసిన శేషమ్మాళ్ కేసులో 1972లోనే సుప్రీంకోర్టు ఆ మాట చెప్పింది. ఆగమం తెలిసినవాడే అర్చన చెయ్యాలన్న నియమాన్ని మాత్రం రెండు తీర్పులూ కాదనలేదు.

వాటాల గొడవగానే ఈ కేసును చూసినవాళ్లు మా ఊళ్లో చాలామంది. నా లెక్కలో అసలు సంగతి చదువుది. వైఖానస కుటుంబంలో పిల్లవాడు అక్షరాలతోపాటే మంత్రం నేర్చేది రేపు ఆ కొలువు తనదన్న ధీమాతో. కోర్టు కాగితం మీద నియామకాన్నీ పూజనూ విడదీయగలదు గానీ, ఆ ఇంట్లో అవి రెండూ ఒకటే. కొలువు మీద నమ్మకం సడలితే మొదట మూతపడేది పుస్తకమే. తిరుమలకు ధర్మగిరి వేదపాఠశాల ఉంది, తిరుపతిలో వేద విశ్వవిద్యాలయం ఉంది. నూనెకు కూడా రాబడి లేని పల్లె గుడికి ఏముంది? అక్కడ మాన్యం అన్యాక్రాంతమైతే అర్చకుడి కొడుకు పట్నానికి పోతాడు, పూజ ఆగుతుంది.

ప్రభుత్వానికీ ఇది అర్థమైనట్టుంది. 2007లో 34వ సెక్షన్‌ను సవరించి అర్చక కుటుంబాలకు మళ్లీ చోటిచ్చారు. ఆంధ్రప్రదేశ్‌లో దాని అమలుకు 2019లో గానీ ఉత్తర్వు రాలేదు. ఈలోగా 2018లో 65 ఏళ్లు నిండిన అర్చకులు విరమించాలని తిరుమల దేవస్థానం నిర్ణయించడంతో వివాదం తిరిగి కోర్టుకెక్కింది. అలా విరమించినవారిని 2021లో మళ్లీ విధుల్లోకి పిలిచారు.

వంశం పేరుతో చదువురానివాడు గర్భాలయంలో నిలబడకూడదు. అలాగని తరాలుగా చదివిన ఇంటిని ఒక్క కలంపోటుతో బయటికి నెట్టకూడదు. ఏ గుడికైనా ముందు ఆగమ పరీక్ష పెట్టాలి, నెగ్గినవాళ్లలో ఆ గుడి కుటుంబానికి తొలి అవకాశం ఇవ్వాలి, చిన్న గుడి అర్చకుడికి నెలనెలా జీతం ఆగకుండా అందాలి. ఈ మూడూ పాటిస్తే అర్చకుడు కోర్టు మెట్లెక్కాల్సిన పని చాలావరకు తప్పుతుంది.