సేద్యపు మాటలు – పుదుచ్చేరి సాక్ష్యం

తెలుగువారికి వ్యవసాయం అనాదిగా ప్రధాన వృత్తి. అయినా వ్యవసాయపు మాటలకు తెలుగు నిఘంటువుల్లో చాలాకాలం తగిన స్థానం లభించలేదు. పూర్వపు కోశకర్తలు కావ్యప్రయోగం ఉన్న పదాన్ని స్వీకరించారు, లేనిదాన్ని విడిచిపెట్టారు. రైతు నోట నిత్యం పలికే మాట అయినా, కవికి దానితో పని పడకపోతే అది కోశానికెక్కలేదు. సి. పి. బ్రౌన్ 1852 నాటి తన నిఘంటువులో వాడుక పదాలకు కొంత చోటిచ్చాడు. సేద్యపు మాటలను వాటికోసమే వెదకి, రైతుల నోటినుంచే విని, ప్రాంతాలవారీగా నమోదు చేసిన కృషి మాత్రం భద్రిరాజు కృష్ణమూర్తిది. ఆయన సంపాదకత్వంలో ఆంధ్రప్రదేశ్ సాహిత్య అకాడమీ 1962లో ప్రచురించిన మాండలిక వృత్తి పదకోశం మొదటి సంపుటం పూర్తిగా వ్యవసాయ పదాలకే అంకితమైంది. తెలుగు నేలను నాలుగు మాండలిక మండలాలుగా విభజించి చూడడానికి ఆ సేకరణే ఆధారమయింది.

ఇరవయ్యేళ్ల తర్వాత, 1982లో, తమిళంలో అటువంటి ప్రయత్నమే మరొకటి వెలువడింది. తమిళనాడు దక్షిణాన కోవిల్‌పట్టి పరిసరాల నల్లరేగడి సీమను తమిళులు కరిసల్ అంటారు. ఆ సీమ రైతుల మాటలను కి. రాజనారాయణన్ ఒక మాండలిక నిఘంటువుగా కూర్చాడు. ఆయన స్వయంగా సేద్యగాడు; ఇంటి భాష తెలుగు. విజయనగర కాలంలోనూ, ఆ తర్వాతా దక్షిణాదికి తరలివెళ్లిన తెలుగు కుటుంబాల కథను ‘గోపల్ల గ్రామం’ (1976) నవలగా రాశాడు. దాని కొనసాగింపు అయిన ‘గోపల్లపురత్తు మక్కళ్’ నవలకు 1991లో కేంద్ర సాహిత్య అకాడమీ పురస్కారం లభించింది. 1980ల చివర పుదుచ్చేరి విశ్వవిద్యాలయంలో జానపద కథల సేకరణ బాధ్యత స్వీకరించి, ఆ పట్టణంలోనే స్థిరపడి, 2021లో అక్కడే కన్నుమూశాడు. తెలుగు ఇంట పుట్టిన రైతు తమిళ రైతు పదాలకు కోశం కూర్చడం యాదృచ్ఛికంగా తోచవచ్చు. కాని సేద్యపు మాటల చరిత్రను పరిశీలిస్తే అది సహజమే అనిపిస్తుంది. ఆ మాటల అర్థం ఏ ఒక్క భాషలోనూ సంపూర్ణంగా దొరకదు. పొరుగు పొలాన్ని సాక్ష్యం అడగవలసి వస్తుంది.

ఈ పరిశీలనకు పుదుచ్చేరి అనువైన చోటు. 18వ శతాబ్దిలో డూప్లే వద్ద దుబాసీగా ఉన్న ఆనందరంగ పిళ్లై (1709–1761) తన దినచర్యను తమిళంలో రాసుకున్నాడు. కస్తూరి రంగకవి రచించిన తెలుగు ఛందోగ్రంథం ఆయనకే అంకితమయింది. ఈనాటికీ ఒకే కేంద్రపాలిత ప్రాంతంలో పుదుచ్చేరి, కారైకాల్ తమిళ సీమలుగానూ, గోదావరి గౌతమీ పాయ ఒడ్డున ఉన్న యానాం తెలుగు సీమగానూ ఉన్నాయి. 1954 వరకు ఫ్రెంచి పాలనలో ఉన్న ఈ రెండు చివరల్లోనూ వరి పండుతుంది. పని ఒకటే, మాటలు మాత్రం రెండు భాషలవి. ఆ మాటలను పక్కపక్కన పెట్టి చూస్తే తెలుగు పదాల మరుగుపడిన అర్థాలు వెలికి వస్తాయి.

‘ఏరువాక’ను మొదటి ఉదాహరణగా తీసుకోవచ్చు. జ్యేష్ఠ పూర్ణిమనాడు దుక్కి ఆరంభించే పండుగకు ఇది పేరు. నేటి తెలుగులో ‘ఏరు’ అనగానే నది స్ఫురిస్తుంది. అందువల్ల ఏరు పారడమే ఏరువాక అని అర్థం చెప్పేవారు ఉన్నారు. వాస్తవానికి ఇవి రెండు వేర్వేరు మాటలు. నది అనే అర్థంలోని పదం పూర్వం బండి ఱతో ‘ఏఱు’. దీని తోబుట్టువు తమిళంలోని ‘ఆఱు’. ఎద్దులను పూన్చిన నాగలి అనే అర్థంలోని పదం మామూలు రకారంతో ‘ఏరు’. తమిళంలో ఇది ‘ఏర్’, గోండి, కొలామీ భాషల్లో ‘సేర్’. కాబట్టి ఏరువాక నాగలి పండుగే గాని నది పండుగ కాదు. తమిళ సీమలో చైత్ర మాసంలో జరిగే తొలి దుక్కికి ‘పొన్నేర్’ అని పేరు. బంగారు నాగలి అని దాని అర్థం. తెలుగు రాతలో బండి ఱ తొలగిపోవడంతో రెండు పదాల నడుమ గట్టు తెగింది. తమిళం ఆ అక్షరాన్ని నిలుపుకొన్నది కనుక అక్కడ ఆ గట్టు నేటికీ కనిపిస్తుంది.

‘దున్ను’ అనే క్రియ కథ ఇంకా పాతది. దున్నడానికి తమిళ ధాతువు ‘ఉఴు’. ఇందులోని ఴకారం ఒకప్పుడు తెలుగులోనూ ఉండేది; ఆరవ శతాబ్ది చివరి రేనాటి చోళుల శాసనాల్లో ఆ అక్షరం కనిపిస్తుంది. ధాతువు మొదటి అచ్చు, దాని తరువాతి హల్లు స్థానాలు మార్చుకోవడం తెలుగులో ఒక ప్రాచీన పరిణామం. ఆ మార్పుతో ఴకారం పదాదికి చేరి, డకారమై, క్రమంగా దకారమైంది. పైకి ఏ పోలికా లేని ‘ఉఴు’, ‘దున్ను’ ఈ విధంగా ఒకే ధాతువు రూపాలు. ‘దుక్కి’ కూడా ఆ కుటుంబానిదే.

పొలం పనుల వరుసలో ముందుకు పోయినకొద్దీ ఈ బంధుత్వం స్పష్టమవుతుంది. తెలుగు రైతు ‘నారు’ పోస్తే తమిళ రైతు ‘నాఱ్ఱు’ పోస్తాడు. ఇక్కడ ‘నాటు’, అక్కడ ‘నడు’. ఇక్కడ ‘కోయు’, అక్కడ ‘కొయ్’. పైరులో మొలిచే పనికిరాని మొక్కలను ‘కలుపు’ అంటాము. పైరుతో కలిసిపోతుంది కాబట్టి కలుపు అనే వివరణ వినడానికి బాగుంటుంది. కాని తమిళంలో ఇదే ‘కళై’. దాని ధాతువు ‘కళ్’కు పీకివేయడం అని అర్థం. కలుపు అంటే పైరులో కలిసేది కాదు, పీకవలసినది. నూర్పిడి తర్వాతి పని ‘తూర్పారబట్టడం’. తూర్పుగాలికి ధాన్యం ఎగరబోస్తారు కనుక ఆ పేరు వచ్చిందని చాలామంది నమ్మకం. గాలి ఏ దిక్కునుంచి వీచినా రైతు తూర్పెత్తుతూనే ఉంటాడు. తమిళంలో ‘తూఱ్ఱు’ అంటే వెదజల్లడం, చెరగడం. దిక్కుతో సంబంధం లేని ఆ పాత ధాతువే తెలుగు మాటలోనూ ఉన్నది.

నీటికి సంబంధించిన మాటల్లో చరిత్ర మరింత చిక్కనైనది. పుదుచ్చేరి ప్రాంతంలో 84 చెరువులు ఉన్నట్లు లెక్క. వాటిలో ఊసుడు, బాహూరు పెద్దవి. బాహూరు చెరువుకు పెన్నైయాఱు నీటిని చేర్చే కాలువ పేరు ‘బంగారు వాయ్‌క్కాల్’. తెలుగు చెవికి ఇది బంగారు కాలువగా వినిపిస్తుంది. స్థానికులు మాత్రం బంగారి, సింగారి అనే ఇద్దరు అక్కచెల్లెళ్ల కథ చెప్పుకుంటారు. చెరువు కట్ట కింద నీరు వదిలే మార్గం తెలుగులో ‘తూము’, తమిళంలో ‘తూంబు’. గొట్టంలా బోలుగా ఉన్నది అని మూలార్థం. తెలుగులో తూము ధాన్యపు కొలత కూడా. నాలుగు కుంచాలు తూము, ఇరవై తూములు పుట్టి అనేది ప్రసిద్ధమైన లెక్క. అంత గింజ చల్లదగిన నేలను తూమెడు నేల, పుట్టెడు నేల అన్నారు. నేలను దాని వైశాల్యంతోగాక అది తీసుకునే విత్తనంతో కొలవడం రైతు దృష్టి.

బావినుంచి నీరు ఎత్తే సాధనం తెలుగున ‘ఏతం’, తమిళాన ‘ఏఱ్ఱం’. దీన్ని చూసిన ఐరోపావారు పోర్చుగీసు భాషనుంచి ‘పికోటా’ అనే పేరు పెట్టారు. ఆ పేరు ప్రభుత్వ కాగితాల్లో చాలాకాలం నిలిచినా పొలంలోకి దిగలేదు. ‘ఆనకట్ట’ విషయం ఇందుకు భిన్నం. తమిళ ‘అణైక్కట్టు’ను ఆంగ్ల ఇంజనీర్లు ‘ఆనికట్’గా తమ భాషలోకి తీసుకున్నారు. కావేరి పాయ కొళ్లిడంపై పనిచేసి వచ్చిన ఆర్థర్ కాటన్ 1847–1852 మధ్య ధవళేశ్వరం వద్ద గోదావరికి ఆనకట్ట కట్టించాడు. ఆ కాలువలతోపాటు ఆంగ్లపదం ‘లాక్’ తెలుగున ‘లాకు’ అయి స్థిరపడింది. తనకు అవసరమైన పరాయి మాటను రైతు నిరాకరించలేదు. అవసరం లేని పికోటాను మాత్రం స్వీకరించలేదు.

నేలపై హక్కును తెలిపే మాటలు అధికారులకూ సాహిత్యవేత్తలకూ సమానంగా పరిశీలింపదగినవి. తమిళంలో పొలం ‘చెయ్’. మంచి పొలం ‘నన్‌చెయ్’ అంటే మాగాణి, తక్కువరకం పొలం ‘పున్‌చెయ్’ అంటే మెట్ట. రెవెన్యూ దస్త్రాల్లోని నంజ, పుంజ అనే మాటలు వీటినుంచి వచ్చినవే. తెలుగు ‘చేను’ ఆ ‘చెయ్’కి సోదరి. అదే విధంగా తమిళ సీమలో పొలంపై వంశపారంపర్యపు హక్కును ‘కాణియాట్చి’ అన్నారు. తెలుగున అది ‘కాణాచి’ అయింది. ఫలానా ఊరు కళలకు కాణాచి అని రాసేటప్పుడు, ఆ మాట ఒకప్పుడు భూమిపై హక్కు పత్రంలోనిదని గుర్తుకు రాదు. కళలు ఆ ఊరిలో కేవలం ఉన్నాయని కాదు, తరతరాల హక్కుతో ఉన్నాయని దాని అసలు భావం.

ఈ హక్కును పరిశోధించినవాడే తెలుగు భాషా మూలాలనూ పరిశోధించడం చరిత్రలో విశేషం. మద్రాసు కలెక్టరు ఎఫ్. డబ్ల్యు. ఎల్లిస్ 1816లో కేంప్‌బెల్ తెలుగు వ్యాకరణానికి రాసిన ప్రవేశికలో, తెలుగు ధాతువులను తమిళ, కన్నడ ధాతువుల సరసన పెట్టి, ఇవి సంస్కృతజన్యాలు కావని నిరూపించాడు. కాల్డ్వెల్ గ్రంథం వెలువడింది 1856లో. అంటే దానికి నలభై ఏళ్లు ముందు. కాణియాట్చికి అరబీ పేరైన మిరాసీ గురించి ప్రభుత్వం అడిగిన ప్రశ్నలకు ఎల్లిస్ సమాధానాలు 1818లో అచ్చయ్యాయి. భూమిపై హక్కు ఎవరిదో తేల్చాలన్నా, భాషల బంధుత్వం తేల్చాలన్నా ఆ అధికారికి పల్లెల మాటలను తెలుసుకోక తప్పలేదు.

అయితే ప్రతి మాట పుట్టుకా తేలిపోయిందని చెప్పడానికి వీలులేదు. ‘నాగలి’కి తమిళంలో ‘నాంజిల్’, కన్నడంలో ‘నేగిలు’, ఋగ్వేదంలో ‘లాంగలం’ ఉన్నాయి. ఈ మాట ద్రావిడమా, లేక ముండా భాషలనుంచి అందరికీ చేరినదా అనే విషయంలో పండితుల మధ్య భేదాభిప్రాయం ఉన్నది. తెలుగు ‘కళ్లం’, తమిళ ‘కళం’, సంస్కృత ‘ఖలం’ మూడూ నూర్చే చోటుకే పేర్లు. వీటిలో సంస్కృతం ద్రావిడంనుంచి గ్రహించిందని టి. బరో అభిప్రాయం. ఆయనా ఎమెనో కలిసి 1961లో ప్రచురించిన ద్రావిడ వ్యుత్పత్తి నిఘంటువు, 1984 నాటి దాని సవరించిన ప్రతి ఈ చర్చకు నేటికీ ఆధారాలు. అవి నిలబడింది కూడా గోండులు, కొలాములు, కోయలు మొదలైనవారి నోట విని రాసుకున్న మాటలపైనే. రాత లేని రైతు మాట ఋగ్వేద పదానికి సాక్ష్యం చెప్పగలుగుతున్నది.

ఆ సాక్షులు ఇప్పుడు తగ్గిపోతున్నారు. విద్యుత్ మోటారు వచ్చాక ఏతం, కపిల పోయాయి. వాటి భాగాల పేర్లు వాటితోనే పోయాయి. ట్రాక్టరుతో నాగలి అవయవాల పేర్లు మరుగుపడ్డాయి. పుదుచ్చేరిలో నేల కొలత ‘కుఴి’ అంటే 576 చదరపు అడుగులు; నూరు కుఴులు ఒక ‘కాణి’, ఫ్రెంచి కొలతలో సుమారు 53న్నర ఆర్లు. కుఴి అంటే గొయ్యి. ఎకరంలో నలభయ్యో వంతును తెలుగువారు ‘గుంట’ అన్నదీ ఆ అర్థంలోనే. నేడు పట్టణం అంచుల్లో కుఴి అనే మాట ఇళ్లస్థలాల బేరంలో ఎక్కువగా వినబడుతున్నది. మాట మిగిలింది, దాని కింది పొలం మారిపోయింది. అటుపై పుట్టే తరానికి కుఴి ఒక లెక్క మాత్రమే.

పదం పోతే ఏమవుతుంది, పని మారినప్పుడు పేరు మారదా అని అడగవచ్చు. మారుతుంది, మారడం భాషకు సహజం. నమోదు కాకుండా పోయిన పదంతోనే నష్టం. దానితోపాటు ఒక కొలత, ఒక హక్కు, ఒక పరికరపు నిర్మాణం, పొరుగు భాషతో ఒక బంధుత్వం తెలుసుకునే దారి మూసుకుపోతుంది. పాత దస్తావేజు చదవవలసిన అధికారికీ, శాసనం చదవవలసిన చరిత్రకారుడికీ ఆ దారే ఆధారం.

1962 నాటి సేకరణ ఆంధ్రప్రదేశ్ హద్దులకు లోబడింది. 1982 నాటి సేకరణ కరిసల్ సీమకు పరిమితమైంది. యానాం లంక రైతు మాటా, బాహూరు చెరువు కింది రైతు మాటా ఒకే పాలన కిందివి. ఆ రెంటినీ పక్కపక్కన నమోదు చేసి, పాత అక్షరాలతో సహా ఒక కోశంగా కూర్చడం పెద్ద వ్యయంతో కూడిన పని కాదు. ఏతం తొక్కిన, కపిల తోలిన చివరి తరం వృద్ధులు ఉండగానే ఆ పని జరగాలి.